జనరేటర్ నుంచి ముఖం దాకా: టీవీ, లైవ్ షోల లైటింగ్ వృత్తికి సమగ్ర మార్గదర్శి

లైటింగ్ పనిలోకి రావాలనుకునే కుర్రాళ్లు, అమ్మాయిలు మొదట అడిగే ప్రశ్న దాదాపు ఒక్కటే: "కన్సోల్ ఎక్కడ నేర్పిస్తారు?" లైట్లన్నిటినీ నడిపే బోర్డు అది. మేం చెప్పే జవాబు వేరే. కరెంటు ఏ దారిన వెళ్తుందో ఆ దారినే నేర్చుకుంటూ వెళ్లండి. ముందు జనరేటర్, తర్వాత డిస్ట్రిబ్యూషన్ బోర్డు, కేబుల్, ట్రస్ (లైట్లు వేలాడదీసే లోహపు చట్రం), లైటు, డేటా, ఆ లైటు పడే ముఖం, అన్నిటికీ చివర కన్సోల్. షో మధ్యలో లైటు ఆగిపోతే తప్పు ఈ దారిలోనే ఎక్కడో ఉంటుంది. ఆ దారంతా కాళ్లతో నడిచినవాళ్లకే అది రెండు నిమిషాల్లో దొరుకుతుంది.

ఈ వ్యాసం హైదరాబాద్‌లో ఉండే పనులను దృష్టిలో పెట్టుకుని రాసింది: న్యూస్ స్టూడియోలు, సీరియళ్లు, రియాలిటీ షోలు, సినిమా ప్రీ రిలీజ్ ఈవెంట్లు, సంగీత్‌లు, కాలేజీ ఫెస్టులు, నాట్య ప్రదర్శనలు. విజయవాడ, విశాఖ, తిరుపతిల్లోనూ పని తీరు ఇదే. సామాను మాత్రం చాలాసార్లు హైదరాబాద్ గోడౌన్ల నుంచే లారీ ఎక్కి వస్తుంది.

ఎవరు ఏ పని చేస్తారు

లైవ్ షోలో లైట్ బాయ్ సామాను దించి, కట్టి, అడ్రస్ (డేటా లైనులో ఒక్కో లైటు గుర్తింపు అంకె) పెడతాడు. రిగ్గర్ ట్రస్‌నీ దాన్ని పైకెత్తే చైన్ హాయిస్టులనీ చూస్తాడు. సిస్టమ్ టెక్నీషియన్ చేతిలో కరెంటు, డేటా ఉంటాయి. ఫాలో స్పాట్ ఆపరేటర్ పాడేవారినీ ఆడేవారినీ వెంబడిస్తాడు. ప్రోగ్రామర్ కన్సోల్ మీద క్యూలు (ఏ క్షణాన ఏ లైటు ఎలా మారాలో చెప్పే ఆదేశాలు) కడతాడు. ఎల్‌డీ అని పిలిచే లైటింగ్ డిజైనర్ మొత్తం రూపం ఆలోచిస్తాడు. చిన్న షోలలో చివరి రెండు పనులూ ఒకరివే. సీరియల్ సెట్లో ఈ బాధ్యత కెమెరామ్యాన్‌ది, ఆయన చెప్పింది అమలు చేసేది గాఫర్ (లైట్‌మెన్‌కి పెద్ద), లైట్‌మెన్. న్యూస్ స్టూడియోలో లైట్లు ఒకసారి అమర్చి నెలల తరబడి అలాగే ఉంచుతారు, రోజూ చూసుకోవడానికి ఒకరిద్దరు ఉంటారు. నిలకడైన నెల జీతం కావాలంటే న్యూస్ స్టూడియో మంచిది. త్వరగా ఎదగాలంటే లైవ్.

1. ఎక్కడ అడుగుపెట్టాలి

చదువు గురించి క్లుప్తంగా చెబుతాం. ఐటీఐలో రెండేళ్ల ఎలక్ట్రీషియన్ ట్రేడ్ ఈ వృత్తికి అన్నిటికన్నా గట్టి పునాది, దాని విలువ చాలామందికి తెలియదు. రంగస్థలం వైపు మనసుంటే హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీలో థియేటర్ ఆర్ట్స్ విభాగం ఉంది, ఢిల్లీలో నేషనల్ స్కూల్ ఆఫ్ డ్రామా ఉంది. కెమెరా వైపు వెళ్లాలంటే పుణె ఎఫ్‌టీఐఐ, కోల్‌కతా ఎస్‌ఆర్‌ఎఫ్‌టీఐ, హైదరాబాద్‌లో అన్నపూర్ణ కాలేజ్ ఆఫ్ ఫిల్మ్ అండ్ మీడియా లాంటివి ఉన్నాయి. డిగ్రీ లేకపోయినా ఈ పనిలో తలుపు మూసుకోదు.

అసలు బడి మాత్రం లైట్లు అద్దెకిచ్చే కంపెనీ గోడౌన్. కనీసం ఆరు నెలలు అక్కడ పని అడగండి. వచ్చిన లైట్లు తుడవడం, లెన్సులు శుభ్రం చేయడం, పోయిన ఫ్యూజులు మార్చడం, కేబుళ్లు చుట్టడం, ప్రతి కేబుల్‌నీ టెస్టర్‌తో చూసి చెడిపోయినదాని మీద ఎర్ర టేపు వేయడం... ఈ పనుల్లోనే ఏ లైటు ఎందుకు చెడిపోతుందో తెలుస్తుంది. కేబుల్‌ని మోచేతి చుట్టూ గట్టిగా చుట్టకండి. లోపలి తీగలు మెలితిరిగి, కొన్నాళ్లకి ఎక్స్‌ఎల్‌ఆర్ (డేటా, మైకు కేబుళ్ల గుండ్రటి కనెక్టర్) కొన దగ్గర తెగుతాయి. ఒక చుట్టు పైనుంచి, ఒక చుట్టు కిందనుంచి వేసే పద్ధతి మొదటి వారంలోనే చేతికి అలవాటు చేసుకోండి.

సొంత కిట్ ఒకటి తయారు చేసుకోండి. మల్టీమీటర్, క్లాంప్ మీటర్, లైన్ టెస్టర్, తాడు కట్టిన 8 అంగుళాల అడ్జస్టబుల్ స్పానర్, తోలు గ్లౌజులు, తలకు పెట్టుకునే టార్చి, గాఫర్ టేపు, మార్కర్, ఎక్స్‌ఎల్‌ఆర్ 3 పిన్ నుంచి 5 పిన్‌కి మార్చే కన్వర్టర్లు నాలుగు, టెర్మినేటర్లు నాలుగు. స్పానర్‌కి తాడు తప్పనిసరి. 25 అడుగుల ఎత్తు నుంచి జారే స్పానర్ కింద ఎవరి తలమీద పడుతుందో ఎవరూ చెప్పలేరు.

2. కరెంటు

ఇక్కడ ఎక్కువసేపు ఆగుదాం. ఈ పనిలో ప్రాణాలు పోయేదీ, లక్షల సామాను కాలిపోయేదీ ఇక్కడే.

ముందు లెక్క. పాత పార్ 64 లైటు ఒక్కోటి 1000 వాట్లు. 24 పెడితే 24,000 వాట్లు, 230 వోల్టులతో భాగిస్తే సుమారు 104 ఆంపియర్లు. మూడు ఫేజుల మీద ఎనిమిదేసి చొప్పున పంచితే ఫేజుకి 35 వస్తాయి. అదే 54 బల్బుల ఎల్‌ఈడీ పార్ అయితే ఒక్కోటి 150 వాట్లు అనుకోండి, 24కి 3,600 వాట్లు, అంటే మొత్తం 16 ఆంపియర్లు కూడా కావు. మన దగ్గర అందరూ షార్పీ అనే బీమ్ లైట్లలో 7ఆర్ రకానికి బల్బు 230 వాట్లే అయినా బ్యాలస్ట్, మోటార్లు, ఫ్యాన్లు కలిపి 350 నుంచి 400 దాకా లాగుతుంది. 16 పెడితే 28 ఆంపియర్లు. వాటన్నిటి బల్బులూ ఒకేసారి వెలిగించకండి. నాలుగేసి చొప్పున, కొన్ని సెకన్లు ఆగి వెలిగిస్తే ఎంసీబీ పడిపోదు.

జనరేటర్ మీద కేవీఏ అని రాసి ఉంటుంది. 62.5 కేవీఏ అంటే 0.8 పవర్ ఫ్యాక్టర్ దగ్గర 50 కిలోవాట్లు, 415 వోల్టుల త్రీ ఫేజ్‌లో ఫేజుకి 87 ఆంపియర్లు. అందులో 80 శాతం దాటకుండా, అంటే 70 ఆంపియర్ల లోపే లోడు పెట్టండి. సౌండుకి, ఎల్‌ఈడీ వాల్‌కి, లైటింగ్‌కి ఒకే జనరేటర్ అంటే ఒప్పుకోకండి. లైటింగ్ వేరు, సౌండు వేరు ఉండాలి. లేదంటే డిమ్మర్ల గోల స్పీకర్లలో వినిపిస్తుంది.

జనరేటర్ స్టార్ట్ చేశాక ఒక్క లైటు కూడా తగిలించకముందే మల్టీమీటర్ తీయండి. ఫేజుకీ ఫేజుకీ మధ్య 400 నుంచి 415 ఉండాలి. ప్రతి ఫేజుకీ న్యూట్రల్‌కీ మధ్య 230 దగ్గర ఉండాలి. న్యూట్రల్‌కీ ఎర్త్‌కీ మధ్య ఒకటి రెండు వోల్టులు మించకూడదు. మించితే ఎర్త్ సరిగా లేదనో, న్యూట్రల్ ఎక్కడో వదులుగా ఉందనో అర్థం. ఎర్త్ రాడ్ తడి నేలలో దిగాలి. ఎండాకాలంలో మైదానంలో ఎండిపోయిన మట్టిలో దిగేసి వదిలేస్తారు, అక్కడ నీళ్లు పోయించండి.

న్యూట్రల్ వదులైతే ఏం జరుగుతుందో వివరంగా చూడండి. మూడు ఫేజుల్లో (ఆర్, వై, బి) ఆర్ ఫేజు మీద ఎక్కువ లోడు ఉంది, వై ఫేజు మీద నాలుగు ఎల్‌ఈడీ పార్‌లే ఉన్నాయి. బోర్డు దగ్గర న్యూట్రల్ బోల్టు బిగించలేదు, షో మధ్యలో వేడికి పూర్తిగా వదిలేసింది. ఆ క్షణం నుంచి రెండు ఫేజుల లోడ్లు ఒకదానితో ఒకటి సిరీస్‌లో పడతాయి. తక్కువ లోడున్న వై ఫేజు మీద వోల్టేజి 230 నుంచి 300 పైకి, ఇంకా అసమానంగా ఉంటే 400 దగ్గరికి ఎగబాకుతుంది. ముందు ఒక పార్ మరీ ప్రకాశంగా వెలుగుతుంది, లోపల కెపాసిటర్ టప్పున పేలుతుంది, కాలిన వాసన వస్తుంది, వెంటనే పక్కది. పది సెకన్లలో ఆ ఫేజు మీది పవర్ సప్లైలన్నీ పోతాయి. అందుకే న్యూట్రల్ బోల్టు మీ చేత్తో మీరే బిగించండి. గంట నడిచాక మరోసారి చూడండి, ఆ చోటు మిగతా బోల్టులకన్నా వేడిగా ఉంటే అది వదులవుతోందని గుర్తు. ఎల్‌ఈడీ పవర్ సప్లైల వల్ల వచ్చే హార్మోనిక్స్ న్యూట్రల్‌లో ఒకదాన్నొకటి కొట్టేసుకోవు, కలిసి పెరుగుతాయి. కాబట్టి న్యూట్రల్ తీగ ఫేజు తీగకన్నా సన్నగా ఉండకూడదు.

ఒక్కో తీగా విడిగా తగిలించే మెయిన్ కేబుళ్లయితే వరుస ఇది: ముందు ఎర్త్, తర్వాత న్యూట్రల్, ఆ తర్వాత ఆర్, వై, బి. విప్పేటప్పుడు సరిగ్గా తిరగేసి, ఎర్త్ చివరన. మనుషులు తాకే ప్రతి సర్క్యూట్ ముందూ 30 మిల్లీ ఆంపియర్ల ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే తెంచేసే స్విచ్) ఉండాలి. ఆర్‌సీసీబీ పదేపదే పడిపోతోందని దాన్ని తప్పించి నేరుగా కలిపేవాళ్లు కనిపిస్తారు. ఆ షోలో పని చేయకండి. అది పడిపోతోందంటే ఎక్కడో కరెంటు లీకవుతోంది, ఎక్కువసార్లు తడిసిన కనెక్టర్‌లో. సర్క్యూట్లు ఒక్కొక్కటే ఆపుతూ వెతికితే దొరుకుతుంది.

16 ఆంపియర్ల లైన్లకి 2.5 చదరపు మిల్లీమీటర్ల రాగి కేబుల్ వాడండి. డ్రమ్ముకి చుట్టి ఉన్న కేబుల్‌ని అలాగే ఉంచి నిండు లోడు ఎక్కించకూడదు. వేడి బయటికి పోయే దారి లేక లోపలి చుట్లు కరిగిపోతాయి. పూర్తిగా విప్పి, మిగిలింది నేలమీద పాములా పరవండి.

3. ఎత్తు, బరువు

బీమ్ లైటు 19 కిలోలు అనుకుందాం. ఒక ట్రస్ మీద 12 పెడితే 228. క్లాంపులు, కేబుళ్లు, డేటా బాక్సు కలిపితే 280 అవుతుంది. ఈ అంకె రిగ్గర్‌కి కాగితం మీద ఇవ్వండి. ట్రస్ తయారీదారు ఇచ్చే లోడ్ చార్టులో స్పాన్ పెరిగేకొద్దీ మోయగల బరువు ఎంత వేగంగా తగ్గుతుందో చూస్తే ఆశ్చర్యపోతారు. చార్టు లేని ట్రస్‌కి, ఎవరో లోకల్‌గా వెల్డింగ్ చేయించిన ట్రస్‌కి తల మీద లైట్లు కట్టకండి.

ప్రతి లైటుకీ క్లాంపుతో పాటు ఉక్కు సేఫ్టీ వైరు ఉండాలి. వైరు లైటు బాడీలో దానికని ఇచ్చిన రంధ్రం గుండా వెళ్లి ట్రస్ మెయిన్ పైపు చుట్టూ తిరగాలి, అతి తక్కువ వదులుతో. పైకెక్కేవాళ్లకి ఒళ్లంతా పట్టే హార్నెస్, రెండు కొక్కేలు, ఒకటి తీసేటప్పుడు రెండోది తగిలే ఉండాలి. ట్రస్ కదులుతున్నప్పుడు కింద ఎవరూ ఉండకూడదు, అది ఎంత పెద్ద నిర్మాత అయినా సరే.

బహిరంగ ప్రదేశాల్లో వానాకాలం షోలకి వానని తట్టుకునే ఐపీ65 లైట్లు అడగండి. బడ్జెట్ లేకపోతే వాన కవర్లు వేయండి, కానీ ఫ్యాన్ దారి మూసేస్తే బీమ్ వేడెక్కి తనంతట తానే ఆరిపోతుంది. విశాఖ బీచ్ రోడ్డు షోలలో గాలికి తోడు ఉప్పు తేమ కూడా ఉంటుంది, తిరిగొచ్చాక లైట్ల కనెక్టర్లన్నీ తుడిచి ఆరబెట్టకపోతే నెలలో తుప్పు పడుతుంది.

4. డీఎంఎక్స్

కన్సోల్ ఆదేశాల్ని లైట్లకి చేర్చే డీఎంఎక్స్512 అనే పద్ధతి 1986 నుంచి ఉంది. ఒక లైనులో 512 చానెళ్లు, ఒక్కో చానెల్ విలువ 0 నుంచి 255 దాకా. దీన్ని ఒక యూనివర్స్ అంటారు. ఒక లైటు నుంచి మరో లైటుకి గొలుసులా వెళ్తుంది.

అడ్రస్ లెక్క సులువే. 16 చానెళ్ల లైటు మొదటిది 1 మీద పెడితే రెండోది 17, మూడోది 33, నాలుగోది 49. ఇలా 32 లైట్లకి యూనివర్స్ నిండిపోతుంది. ఒక లైనులో 32కి మించి పరికరాలు తగిలించకూడదన్న నియమం కూడా ఉంది, కాబట్టి స్ప్లిట్టర్ వాడి నాలుగైదు లైన్లుగా చీల్చండి. ఒక లైను చెడితే మిగతావి బతుకుతాయి.

ఎక్కువగా వచ్చే తప్పులు ఇవి. కన్సోల్‌లో 16 చానెళ్ల మోడ్‌లో ప్యాచ్ చేశారు (లైటుకి చానెళ్లు కేటాయించారు), లైటు మెనూలో 20 ఉంది. అప్పుడు ఆ లైటు పక్కవాటి చానెళ్లకి స్పందిస్తుంది, రంగు మార్చబోతే తల తిరుగుతుంది. రెండు లైట్లు ఒకే అడ్రస్ మీద ఉంటే కవలల్లా ఒకేలా కదులుతాయి. మైకు కేబుల్ వాడితే చిన్న సెటప్‌లో బాగానే పనిచేసి, 40 మీటర్లు దాటాక చివరి లైట్లు వణకడం మొదలెడతాయి. డీఎంఎక్స్‌కి 110 నుంచి 120 ఓమ్‌ల ఇంపెడెన్స్ ఉన్న కేబుల్ కావాలి. వై కేబుల్‌తో లైన్ చీల్చకండి, దానికే స్ప్లిట్టర్ ఉంది.

టెర్మినేటర్ ఇంట్లోనే తయారు చేసుకోవచ్చు. మగ ఎక్స్‌ఎల్‌ఆర్ కనెక్టర్‌లో 2వ పిన్‌కీ 3వ పిన్‌కీ మధ్య 120 ఓమ్‌ల పావు వాట్ రెసిస్టర్ టంకం పెట్టండి. 1వ పిన్ ఖాళీ. లైనులో చివరి లైటు డీఎంఎక్స్ అవుట్‌లో గుచ్చండి. ఇది లేకపోతే సిగ్నల్ చివరికి వెళ్లి వెనక్కి తిరిగొచ్చి అసలు సిగ్నల్‌తో కలిసిపోతుంది.

లైను ఆగిపోతే మొదటి నుంచి ఒక్కో లైటూ చూసుకుంటూ వెళ్లకండి. మధ్య లైటు దగ్గరికి వెళ్లండి. అక్కడ సిగ్నల్ ఉంటే తప్పు తర్వాతి సగంలో, లేకపోతే ముందు సగంలో. 16 లైట్ల లైనులో నాలుగు తనిఖీల్లో తప్పు దొరుకుతుంది. పెద్ద షోలలో కన్సోల్ నుంచి స్టేజీ దాకా డేటా ఆర్ట్‌నెట్ లేదా ఎస్‌ఏసీఎన్ అనే పద్ధతిలో నెట్‌వర్క్ కేబుల్ మీద వెళ్తుంది, అక్కడ నోడ్ దాన్ని డీఎంఎక్స్‌గా మారుస్తుంది. ఆ కేబుల్ రెండు వేయండి, రెండు వేర్వేరు దారుల్లో. ఒకదాని మీద కుర్చీల బండి ఎక్కినా రెండోది ఉంటుంది.

5. ముఖం

టీవీకి పని చేసేవాళ్లకి అసలు పరీక్ష ఇదే. స్టేజీ మీద రెండొందల బీమ్‌లు గిర్రున తిరిగినా, ఇంట్లో కూర్చున్నవాళ్లు చూసేది మాట్లాడే మనిషి ముఖాన్నే.

న్యూస్ యాంకర్‌తో మొదలుపెట్టండి. ప్రధాన వెలుగైన కీ లైటు మెత్తనిది, కెమెరాకి 30 నుంచి 45 డిగ్రీలు పక్కగా, ముఖానికి 30 డిగ్రీలకి కాస్త పైగా. మరీ పైనుంచి వేస్తే కంటి గుంటల్లో నీడ పడి, నిద్రలేనివాళ్లలా కనిపిస్తారు. రెండో వైపు నీడని తగ్గించే ఫిల్, కీలో సగం వెలుగు. వెనక నుంచి జుట్టుకీ భుజాలకీ బ్యాక్ లైటు. ఇప్పటి కెమెరాలకి ముఖం మీద 500 నుంచి 800 లక్స్ చాలు. అంకె కన్నా ముఖ్యం కూర్చునే చోటంతా అది ఒకేలా ఉండడం.

దూరం ఎందుకు ముఖ్యమో చిన్న లెక్కతో తేలుతుంది. వెలుగు దూరం వర్గానికి విలోమంగా తగ్గుతుంది. లైటు 1.5 మీటర్ల దూరంలో ఉంది, చర్చలో కోపమొచ్చిన అతిథి 30 సెంటీమీటర్లు ముందుకి వంగాడు. ఆయన ముఖం మీద వెలుగు 56 శాతం పెరిగి, నుదురు తెల్లబడిపోతుంది. అదే లైటు 3 మీటర్ల దూరంలో ఉంటే పెరిగేది 23 శాతమే. మన చర్చా కార్యక్రమాల్లో ఎవరూ కుర్చీకి ఆనుకుని కూర్చోరు కాబట్టి లైట్లు వెనక్కి లాగి, సంఖ్య పెంచండి.

తెల్ల ఖద్దరు చొక్కా నాయకుడు వచ్చినప్పుడు ఏం చేయాలి? ఆయన ముఖానికి సరిపడా వెలుగిస్తే చొక్కా వేవ్‌ఫామ్‌లో (వెలుగు స్థాయిని అంకెల్లో చూపే గ్రాఫ్) 100 దాటి కాలిపోతుంది. చొక్కాకి సరిచేస్తే ముఖం నల్లబడుతుంది. కీ లైటు ముందుండే రేకు తలుపుల్లో (బార్న్‌డోర్) కిందిదాన్ని కాస్త మూసి, వెలుగుని ఛాతీ దగ్గర కత్తిరించండి, లేదా నెట్ గుడ్డని లైటు కింది సగానికి మాత్రమే కట్టండి. ముఖం 60, చొక్కా 90 దగ్గర ఉండేలా చూడండి. అందరి చర్మాన్నీ 70 దగ్గరికి లాగాలని చూడకండి. చామనఛాయ ముఖం 50 నుంచి 60 మధ్యలోనే నిండుగా, నిజంగా కనిపిస్తుంది. మన ముఖాలని పాలిపోయినట్టు చూపించే లైటింగ్‌ని అందం అనుకోవడం ఇకనైనా ఆపాలని మా గట్టి అభిప్రాయం.

పట్టుచీర జరీ అంచు, మెడలో బంగారం మెరిస్తే అది బ్యాక్ లైటు తప్పు కావడమే ఎక్కువ. దాన్ని కాస్త పక్కకి జరిపితే మెరుపు కెమెరాని తప్పిస్తుంది. కళ్లద్దాల్లో లైటు కనిపిస్తే కీని ఇంకా పైకి, పక్కకి తీసుకెళ్లండి. అప్పటికీ పోకపోతే చెవుల దగ్గర అద్దాల కాడల్ని అర సెంటీమీటరు పైకెత్తమనండి. గ్రీన్ మ్యాట్ ముందైతే మనిషి కనీసం 2 మీటర్లు ముందుండాలి, లేకపోతే ఆకుపచ్చ రంగు చెవుల మీదా జుట్టు మీదా తిరిగొస్తుంది. మ్యాట్ మూలల్లో, మధ్యలో లక్స్ మీటర్ రీడింగు దాదాపు ఒకేలా ఉండాలి.

రియాలిటీ షోలో కష్టం ఏమిటంటే కెమెరాలు ఎనిమిది దిక్కుల్లో ఉంటాయి. ఒక కెమెరాకి కీ అయింది మరోదానికి బ్యాక్ లైటు అవుతుంది. జడ్జిలకి రెండు వైపులా సమానమైన మెత్తని లైట్లు పెట్టి, తేడా చాలా తక్కువ ఉంచడమే ఉన్నంతలో దారి. కెమెరా క్రేన్ జిమ్మీ జిబ్ ఎంత పైకి వెళ్తుందో ముందే అడిగి తెలుసుకోండి, లేకపోతే మీ లైట్ల వీపులే ఫ్రేములోకి వస్తాయి.

6. కెమెరా కంటికి కనిపించే మెరుపు

మన కరెంటు 50 హెర్ట్జ్. కెమెరా షట్టర్ 1/50 లేదా 1/100 ఉంటే ట్యూబులు, పాత లైట్ల మినుకు కనపడదు. ఎల్‌ఈడీ లైట్లు డిమ్మింగ్ కోసం సెకనుకి వేల సార్లు ఆరి వెలుగుతాయి. చవక లైట్లలో ఆ సంఖ్య తక్కువ, అందుకే 20 శాతం వెలుగులో కెమెరాలో నల్ల గీతలు పాకుతాయి. లైటు మెనూలో పీడబ్ల్యూఎం ఫ్రీక్వెన్సీ ఉంటే అన్నిటికన్నా పైకి పెట్టండి. ఫోన్ కెమెరాతో చూసి బాగుందనుకోకండి, షోకి వాడే కెమెరాతోనే, 100, 50, 10 శాతాల దగ్గర విడివిడిగా చూడండి.

వెనక ఎల్‌ఈడీ వాల్ ఉంటే దాని వెలుగుని మీరే తగ్గించమని అడగాలి. ఇండోర్‌లో చాలాసార్లు 10 నుంచి 20 శాతం చాలు. దాన్ని నిండు వెలుగులో ఉంచి దానికి తగ్గట్టు ముఖాల మీద లైటు పెంచుతూ పోతే రెండూ కాలిపోతాయి. వాల్ నీలివైపు ఉంటుంది, కాబట్టి ముఖాల లైట్లు 5600 కెల్విన్‌లో పెట్టి కెమెరాలు దానికే వైట్ బ్యాలెన్స్ చేస్తే కష్టం తక్కువ. 3200 కెల్విన్ పార్‌లు కలిపి వాడితే వాటికి నీలి సీటీబీ జెల్ కట్టండి. ముఖాల లైట్లు కొనేటప్పుడు టీఎల్‌సీఐ (కెమెరాలో రంగులు ఎంత నిజంగా కనిపిస్తాయో చెప్పే అంకె) 90 పైన ఉందో లేదో చూడండి.

7. కన్సోల్

ఇప్పుడు వచ్చాం. ఇంట్లో కూర్చుని నేర్చుకోవడానికి గ్రాండ్‌ఎంఏ3 ఆన్‌పీసీ, ఛామ్‌సిస్ మ్యాజిక్‌క్యూ ఉచితంగా దొరుకుతాయి. క్యూఎల్‌సీ ప్లస్ కూడా ఉచితమే, మామూలు ల్యాప్‌టాప్ మీదా నడుస్తుంది. మన దగ్గర అద్దె కంపెనీల్లో అవోలైట్స్, ఎంఏ రెండూ తిరుగుతుంటాయి, కాబట్టి ఒకటి లోతుగా, రెండోది షో నడిపేంతగా రావాలి.

మొదటి నెల 12 బీమ్‌లు, 12 వాష్‌లు (వెలుగుని పరిచే లైట్లు), 8 పార్‌ల ఊహా స్టేజీ ఒకటి కట్టి దాన్నే వాడండి. గ్రూపులు చేయండి: బీమ్ అన్నీ, బేసివి, సరివి, ఎడమ సగం, కుడి సగం. తర్వాత ప్యాలెట్లు, అంటే పేరు పెట్టి దాచుకునే అమరికలు: పొజిషన్, రంగు, గోబో (వెలుగులో ఆకారాలు వేసే పలక). ప్రతి క్యూ ప్యాలెట్ల నుంచే కట్టాలి, నేరుగా అంకెలతో కట్టొద్దు. కారణం సులువు. షో రోజు వచ్చేసరికి స్టేజీ రెండు అడుగులు వెనక్కి జరిగి ఉంటుంది. "సింగర్ మధ్య" అనే ఒక్క పొజిషన్ ప్యాలెట్‌ని సరిచేస్తే దాన్ని వాడిన 80 క్యూలూ సరైపోతాయి. అంకెలతో కట్టినవాళ్లు తెల్లవార్లూ 80 క్యూలూ విప్పుకుంటూ కూర్చుంటారు.

పాటకి లెక్క కట్టడం నేర్చుకోండి. నిమిషానికి 120 దెబ్బల పాటలో దెబ్బకి అర సెకను, నాలుగు దెబ్బల ఆవర్తం రెండు సెకన్లు, ఎనిమిది ఆవర్తాలు 16 సెకన్లు. బీమ్ తల ఒక వైపు నుంచి పూర్తిగా ఇంకో వైపుకి తిరగడానికి రెండు సెకన్లకి పైనే పడుతుంది, కాబట్టి తర్వాతి క్యూ పొజిషన్‌కి అది చీకట్లోనే ముందుగా చేరేలా పెట్టండి. తీన్మార్ మొదలవగానే అన్ని లైట్లూ ఒకేసారి కొట్టేయాలనిపిస్తుంది. మొదటి రెండు వరుసలు పార్‌లతోనే నడపండి, డప్పు ఊపందుకున్నాక బీమ్‌లు తెరవండి. దాచుకున్నదే పనికొస్తుంది.

కూచిపూడి, భరతనాట్యాలకి చేతులు పూర్తిగా వేరే పద్ధతి నేర్చుకోవాలి. ఇక్కడ స్ట్రోబ్‌లు, తిరిగే బీమ్‌లు అక్కర్లేదు. రెండు వింగ్‌ల నుంచి పక్క లైట్లు ఒంటి ఆకారాన్ని చెక్కుతాయి, ముందు నుంచి మెత్తని వెలుగు అభినయం చూపిస్తుంది. తరంగంలో నర్తకి ఇత్తడి పళ్లెం అంచుల మీద నిలబడుతుంది. పైనుంచి గట్టి లైటు వేస్తే పళ్లెం అద్దంలా మెరిసి పాదాలు మాయమవుతాయి. పై లైటు సగానికి తగ్గించి, వింగ్‌లో మోకాలి కన్నా కింద ఒక్కో వైపు ఒక్కో లైటు పెట్టండి. అప్పుడు మువ్వలు, వేళ్లు, పళ్లెం అంచుని పట్టుకున్న తీరు చివరి వరుసకి కూడా కనిపిస్తాయి. ఆ లైట్లు ఎక్కడున్నాయో నర్తకికి ముందే చూపించి, చుట్టూ తెల్ల టేపు వేయండి.

8. షో రోజు

వరుస తప్పించకండి: సామాను దింపడం, నేల మీదే ట్రస్‌కి లైట్లు కట్టి అడ్రస్ పెట్టడం, నేల మీదే కరెంటు ఇచ్చి ప్రతి లైటూ వెలిగి తిరుగుతోందో లేదో చూడడం, ఆ తర్వాతే పైకెత్తడం. నేల మీద ఐదు నిమిషాల్లో మార్చే లైటుకి పైకి వెళ్లాక గంట పడుతుంది.

బహిరంగ మైదానంలో ఫోకస్ సూర్యాస్తమయం తర్వాతే కుదురుతుంది. రాత్రి 10 తర్వాత లౌడ్ స్పీకర్లు ఆపాలి కాబట్టి సౌండు వాళ్లు వెళ్లిపోతారు, ప్రోగ్రామింగ్‌కి ఆ నిశ్శబ్ద రాత్రి మీదే. పాటల ఫైళ్లు ముందే ఫోన్‌లోకి తీసుకుని హెడ్‌ఫోన్‌లో వింటూ క్యూలు కట్టండి. హేజ్ మెషిన్ పెట్టేముందు ఇండోర్ హాల్ అయితే పొగ అలారం సంగతి హాల్ వాళ్లతో రాతపూర్వకంగా తేల్చుకోండి. షో ఫైల్ ప్రతి గంటకీ కొత్త పేరుతో సేవ్ చేసి రెండు పెన్ డ్రైవ్‌లలో ఉంచండి, ఒకటి జేబులో.

9. డబ్బు, కాగితాలు, బయటి దేశాలు

ఫ్రీలాన్స్‌గా మారాక కొటేషన్‌లో షో రోజు, ప్రోగ్రామింగ్ రోజు, ప్రయాణం రోజు వేర్వేరుగా రాయండి. బత్తా, గది, కాల్షీట్ గంటలు దాటితే ఎంత, షో రద్దయితే ఎంత, అడ్వాన్స్ ఎంత అన్నవి ఒక్క పేజీలో ఉండాలి, వాట్సాప్‌లోనైనా అవతలివాళ్ల చేత "ఓకే" అనిపించుకోండి. కోసిన టీడీఎస్ మీ పాన్ మీద జమైందో లేదో మూడు నెలలకోసారి చూసుకోండి. ఏడాది ఆదాయం 20 లక్షలు దాటితే జీఎస్టీ రిజిస్ట్రేషన్ కావాలి. ప్రమాద బీమా సొంతంగా తీసుకోండి, ఎత్తు మీద పని చేసేవాళ్లకి అది వర్తిస్తుందో లేదో పాలసీలో చదివాకే. సినిమా, సీరియల్ సెట్లలో పని చేయాలంటే యూనియన్ కార్డు అడుగుతారు. అది పొందే దారిని సెట్లో పనిచేస్తున్న గాఫర్‌ని అడిగి తెలుసుకోండి.

తానా, ఆటా లాంటి తెలుగు సభలకి అమెరికా వెళ్లే అవకాశం వస్తే అక్కడ 120 వోల్టులు, 60 హెర్ట్జ్ అని గుర్తుంచుకోండి. ఇక్కడి నుంచి తీసుకెళ్లే చిన్న పరికరాల వోల్టేజి రేంజి చూడండి, కెమెరావాళ్లకి షట్టర్ 1/60 అని చెప్పండి. పెద్ద హాళ్లలో చాలాచోట్ల ఐఏటీఎస్‌ఈ యూనియన్ సిబ్బందే సామాను ముట్టుకుంటారు. మీరు నిచ్చెన ఎక్కకూడదు, స్పష్టంగా చెప్పి చేయించుకోవాలి. భోజన విరామాలూ నిమిషం లెక్కన పాటిస్తారు, ఫోకస్ షెడ్యూలు దానికి తగ్గట్టు వేయండి. లైట్ ప్లాట్, అడ్రస్ జాబితా, బరువుల పట్టిక మూడు వారాల ముందే పంపండి. అక్కడిచ్చే కన్సోల్ ఏ మోడలో, ఏ సాఫ్ట్‌వేర్ వెర్షనో రాతలో తెప్పించుకోండి. కొత్త వెర్షన్‌లో సేవ్ చేసిన షో ఫైల్‌ని పాత వెర్షన్ కన్సోల్ తెరవదు.